చూద్దాంగారి దుబాసి

విదేశాంగ మంత్రిగారికి ఆఫీసులో ఇంకో పేరుంది. చూద్దాంగారు. ఎదురుగా అనే ధైర్యం ఎవరికీ లేదు గానీ, లిఫ్టు దగ్గర కూర్చునే మనిషి నుంచి కార్యదర్శి దాకా చాటున అందరూ పిలుచుకునేది అలాగే. బదిలీ అడిగినవాడికీ చూద్దామే, ప్రమోషన్ అడిగినవాడికీ చూద్దామే, మా పేటకి మంచినీళ్ళ గొట్టం ఎప్పుడు వేయిస్తారండీ అని వచ్చినవాళ్ళకీ చూద్దామే. ఈ భాషలో పుట్టి పెరిగినవాళ్ళకి ఆ మాటకి అర్థం విడమరిచి చెప్పక్కర్లేదు. సంబంధం చూసుకుని వెళ్ళినవాళ్ళు చూద్దాం అన్నారంటే, ఇక ఆ కబురు కోసం ఎదురుచూడొద్దని. పిల్లాడు సైకిలు అడిగితే తండ్రి చూద్దాం అన్నాడంటే, వాడు నడిచే బడికి వెళ్ళాలని. మొహమ్మీద కుదరదు అనడానికి మనకి నోరు రాదు. అందుకని ఆ కుదరదు అన్న మాటకే మంచి చొక్కా తొడిగి, తల దువ్వి, బయటికి పంపిస్తాం.

ఆ చూద్దాంగారి మాటల్ని పరాయి దేశాల వాళ్ళకి వాళ్ళ భాషలో చెప్పడం ఆవిడ ఉద్యోగం. కాగితాల మీద ఏదో పొడుగాటి హోదా ఉంది. మంత్రిగారు పాతకాలపు మనిషి కాబట్టి "ఏమ్మా దుబాసీ" అని పిలిచేవారు. ఆయన పిలిచాక ఇంకెవరైనా ఊరుకుంటారా, అందరికీ ఆవిడ దుబాసమ్మ అయిపోయింది.

అవి దేశం ఎదుగుతోందని పేపర్లన్నీ ఒకటే ఊదరగొడుతున్న రోజులు. నిజంగానే ఎదుగుతోంది, కాదనడానికి లేదు. కొత్త ఫ్యాక్టరీలు, కొత్త రైళ్ళు, అన్నిటినీ మించి కొత్త రేవు. ఎంత పెద్ద ఓడైనా గట్టుదాకా వచ్చి ఆగగలిగేంత లోతున్న రేవు ఆ చుట్టుపక్కల సముద్రాల్లో ఇంకెక్కడా లేదు. చెట్టు ఎదిగితే గాలి తగులుతుంది, దేశం ఎదిగితే పెద్దవాళ్ళ కన్ను తగులుతుంది. ప్రపంచంలో అప్పటికి పెద్దవాళ్ళు ఇద్దరు. ఒకరంటే ఒకరికి పడదు. ఇద్దరికీ ఈ రేవు కావాలి, కనీసం రెండోవాడికి దక్కకుండా ఉన్నా చాలు.

ఆఫీసులో ఆ రెండు దేశాల పేర్లూ పైకి పలికేవారు కాదు. గోడలకి చెవులుంటాయని భయం. మొదటినుంచీ స్నేహంగా ఉన్న దేశం పెద్దల్లుడు, తర్వాత దగ్గరైన దేశం చిన్నల్లుడు. ఒకరికి కుర్చీ వేస్తే రెండోవారికీ కుర్చీ వేయాలి, ఒకరితో నవ్వితే రెండోవారు అలుగుతారు. "ఇద్దరల్లుళ్ళున్న అత్తగారికి నవ్వుండాలి గానీ నోరుండకూడదు" అని మంత్రిగారే అంటూండేవారు. కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం. దానికే ఆయన పార్లమెంటులో 'సమతుల విదేశాంగ విధానం' అని పేరు పెట్టి గంటసేపు చెప్పేవారు.

ఆ రోజు పెద్దల్లుడి రాయబారి వచ్చాడు. చర్చలు జరిగే గదిలో పొడుగాటి బల్ల, దాని మీద కాగితం మూతలు పెట్టిన మంచినీళ్ళ గ్లాసులు. మూలగా ఏసీ నుంచి కారే నీళ్ళకోసం ఒక ప్లాస్టిక్ బకెట్. దేశం ఎంత ఎదిగినా ఆ బకెట్ మాత్రం అక్కణ్ణించి కదల్లేదు.

రాయబారి చేతులు బల్లమీద పెట్టి నెమ్మదిగా అడిగాడు. మా యుద్ధనౌక ఒకటి ఈ వైపు వస్తోంది, నీళ్ళూ చమురూ నింపుకోవడానికి మీ కొత్త రేవులో కొన్ని రోజులు ఆగనిస్తారా అని. దుబాసమ్మ ఆ మాట మంత్రిగారికి చెప్పింది.

మంత్రిగారు నవ్వారు. "చూద్దాం" అన్నారు.

ఇక్కడే ఉంది అసలు చిక్కు. ఆ పరాయి భాషలో మన చూద్దాంకి సరిపోయే మాట లేదు. ఉన్నదున్నట్టు 'మేము చూస్తాము' అంటే వాళ్ళ వాడుకలో 'ఆ పని మాకొదిలెయ్యండి, మేం చూసుకుంటాం' అని. అర్థం చెప్పాలంటే 'కుదరకపోవచ్చు' అనాలి. రెండూ దుబాసమ్మకి తెలుసు. ఇంతకుముందొకసారి ఇలాంటి చోటే ఆవిడ 'కుదరకపోవచ్చు' అని చెప్పింది. ఆ సాయంత్రం మంత్రిగారు పిలిపించి, కార్యదర్శి ముందే దులిపేశారు. "నేనన్నది చెప్పమ్మా. నేననుకున్నది నీకెందుకు?" అన్నారు. ఆ మాట ఆవిడకి ఇంకా చెవుల్లోంచి పోలేదు.

అందుకని ఆయనన్నదే చెప్పింది. మేము చూస్తాము.

రాయబారి మొహం వెలిగిపోయింది. లేచి వచ్చి మంత్రిగారి చెయ్యి రెండు చేతులతోనూ పట్టుకుని ఊపాడు. దుబాసమ్మ గుండెల్లో రాయి పడింది. మంత్రిగారి వైపు చూసింది. ఆయనకి ఆ భాష వచ్చు. కుర్రతనంలో వాళ్ళ దేశంలోనే చదువుకున్నారు. దుబాసి మాట్లాడేలోపు ఆలోచించుకోవడానికి వ్యవధి దొరుకుతుందని రానట్టు కూర్చుంటారంతే. ఆయన ఇప్పుడైనా ఒక్క మాటతో సర్దొచ్చు. ఆయన సర్దలేదు. ఆవిడ వైపు చూసి చిన్నగా తలాడించి, ఆ చేతుల్లోంచి తన చెయ్యి తీసుకుని మంచినీళ్ళు తాగారు.

ఆ వారంలోనే ప్రపంచ దేశాల సభలో ఓటింగు జరిగింది. పెద్ద మండలిలో మన దేశానికి ఒక కుర్చీ కావాలని ఎన్నాళ్ళుగానో అడుగుతున్నారు. పెద్దల్లుడు చెయ్యెత్తాడు, వాడి వెనకాలున్న చిన్నాచితకా దేశాలన్నీ చేతులెత్తాయి. కుర్చీ వచ్చింది. ఆఫీసంతా స్వీట్లు పంచారు. దుబాసమ్మ తనది కాగితంలో చుట్టి బల్ల సొరుగులో పెట్టేసింది.

ఆ తర్వాత కొన్నాళ్ళకి ఓడ బయల్దేరిందన్న వార్త వచ్చింది. మిత్రదేశం ఆహ్వానం మీద వస్తున్నామని పెద్దల్లుడు చాటుకున్నాడు. ఆ మర్నాడే చిన్నల్లుడు నోరు విప్పాడు. ఆ ఓడ ఆ రేవులో కాలు పెడితే మా మీదకి వచ్చినట్టే లెక్క, దాన్ని లోపలికి తెచ్చినవాళ్ళెవరైనా సరే మాకు శత్రువులే, ఏం చెయ్యాలో మాకు తెలుసు అన్నాడు. అని ఊరుకోకుండా తన ఓడలు కొన్నిటిని తెచ్చి రేవుకి కనుచూపు మేరలో నిలబెట్టాడు.

ఊరికి భయం పట్టుకుంది. కిరాణా కొట్టుల్లో ఉప్పు కూడా మిగల్లేదు. పెట్రోలు బంకుల దగ్గర బళ్ళ వరస వీధి మలుపు తిరిగి పోయింది. దేశం ఎదిగిందని నిన్నటిదాకా మీసం మెలేసినవాళ్ళే ఇంట్లో నీళ్ళ డ్రమ్ములు నింపుకుంటున్నారు.

దుబాసమ్మ భయం వేరు. ఆవిడ భర్త ఆ రేవులోనే పైలట్.

పైలట్ అంటే విమానాలు తోలేవాడు కాదు. పెళ్ళైన కొత్తలో అత్తగారు చుట్టాలందరికీ మావాడు పైలట్ అని చెప్పుకుంటే, ఏ విమానమండీ అని వాళ్ళు అడగడం, ఈవిడ నీళ్ళు నమలడం ఇంట్లో ఎప్పటికీ నవ్వులాటే. సముద్రం దాటి వచ్చే కెప్టెన్లకి సముద్రమంతా తెలుసుగానీ ఈ రేవు లోతుపాతులు తెలియవు. అందుకని పైలట్ చిన్న బోటులో ఎదురెళ్ళి, కదులుతున్న ఓడ పక్కనుంచి వేలాడే తాళ్ళ నిచ్చెన పట్టుకుని పైకెక్కి, కెప్టెన్ పక్కన నిలబడి దాన్ని గట్టుకి చేరుస్తాడు. అంత పెద్ద ఓడని తేగలిగిన పైలట్లు రేవులో ఇద్దరే. ఒకాయన కాలు విరిగి ఇంట్లో ఉన్నాడు.

"అంటే మీరే ఎక్కాలా?" అని దుబాసమ్మ అడిగింది.

"ఇంకెవరున్నారోయ్? నీ కంటికి కనిపిస్తున్నారా?" అని భర్త నవ్వాడు. అతను మంచం మీద కూర్చుని మోకాలికి మందు రాసుకుంటున్నాడు. "అయినా నన్నెవడు కాలుస్తాడు? నా మొహానికి ఒక తూటా దండగ."

"నోర్ముయ్‌రా" అని వంటింట్లోంచి అత్తగారు అరిచింది. "మాట్లాడితే ఒక అర్థం పర్థం ఉండాలి. ఆంబోతులు కుమ్ముకుంటే లేగల కాళ్ళు విరిగాయని ఊరికే అన్నారా? అసలు ఆ ఓడని రమ్మన్న మహానుభావుడెవడో, వాడి నాలుక తెగిపోనూ!"

దుబాసమ్మ చేతిలో ఇస్త్రీపెట్టె ఉంది. అతని యూనిఫాం చొక్కా మీద అది ఒక్కచోటే ఆగిపోయింది. కాలిన వాసన వచ్చేదాకా ఆవిడకి తెలియలేదు.

"ఏమైందే అమ్మాయ్, ఒంట్లో బాగాలేదా?" అని అత్తగారు వచ్చి ప్లగ్గు పీకింది. ఏం లేదత్తయ్యా అని చెప్పి దుబాసమ్మ పక్కగదిలోకి పోబోయింది. నడవలో బీరువా మోచేతికి తగిలింది. ఎప్పుడూ తగిలేదే. ఇంటిల్లిపాదికీ అడ్డం వచ్చే ఆ పాత బీరువాని అమ్మేద్దామా అని కోడలు కాపురానికి వచ్చిన ఏడాదే అడిగింది. అత్తగారు చూద్దాంలే అంది. అది ఇప్పటికీ అక్కడే ఉంది. ఈ ఇంట్లో ఆ మాటకి అర్థమేమిటో ఆ బీరువాని అడిగినా చెబుతుంది.

ఆ రాత్రి ఎలా గడిచిందో ఆవిడకే తెలియాలి. భర్తకి చెప్పేద్దామని రెండుమూడుసార్లు నోటిదాకా వచ్చింది. ఆ ఓడని రమ్మన్న నాలుక నాదేనండీ అని ఎలా చెప్పడం? కాలు జారితే తీసుకోవచ్చుగానీ నోరు జారితే తీసుకోలేమంటారు. మరి జారింది తన నోరా, మంత్రిగారి నోరా?

మర్నాడు పొద్దున్న ఓడ రేవు బయటికి వచ్చి లంగరు వేసింది. వంటింటి కిటికీలోంచి చూస్తే బూడిదరంగులో కనిపిస్తూనే ఉంది. పైలట్ని పంపండి, లేకపోతే సాయంత్రం పోటు మీద మేమే లోపలికి వచ్చేస్తాం అని దాని కెప్టెన్ రేడియోలో చెప్పాడట. మధ్యాహ్నం దాటాక భర్తకి రేవునుంచి ఫోనొచ్చింది. అతను మాడిన మరక కనిపించకుండా చొక్కా మడిచి దోపుకున్నాడు.

"వెళ్ళొస్తానమ్మా" అన్నాడు తల్లితో. భార్యతో ఏదో హాస్యమాడబోయి, ఆవిడ మొహం చూసి మానేశాడు. "ఇంకా పై నుంచి ఆర్డర్ రాలేదట. బోటులో కూర్చోబెడతారంతే. నువ్వు ఊరికే బెంగపెట్టుకోకు" అన్నాడు. అతని గొంతులో కూడా భయముంది. ఆ మనిషి గొంతులో భయం వినడం ఆవిడకి అదే మొదటిసారి.

అతనటు వెళ్ళాడో లేదో ఇటు కార్యదర్శి ఫోన్ చేశాడు. "మేడమ్, కారు పంపించాం. మంత్రిగారు వెంటనే రమ్మంటున్నారు."

మంత్రిగారి గదిలో పరదాలన్నీ వేసి ఉన్నాయి. ఆయన బల్ల వెనక కాకుండా సోఫాలో కూర్చుని ఉన్నారు. గడ్డం గీసుకోలేదు. అది చూశాక ఆవిడ భయం రెట్టింపైంది. పెద్దవాళ్ళే భయపడితే ఇక చిన్నవాళ్ళకి దిక్కెవరు?

"కూర్చోమ్మా" అన్నారు. "రానివ్వనంటే పెద్దవాడు ఊరుకోడు. మన చమురులో సగం వాడి దగ్గర్నుంచే వస్తోంది, చలికాలం ముందుకొచ్చేసింది. రానిస్తే చిన్నవాడు కాలుస్తాడు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. అవునా?"

"అవునండీ."

"మరి నుయ్యీ గొయ్యీ కాకుండా మధ్యలో ఒక సందుంది. పిలవలేదంటే పేచీయే లేదు. వాళ్ళు పిలిచారనుకున్నారు, మనం పిలవలేదు. మధ్యలో మాట దగ్గర ఏదో తేడా జరిగింది. అంతే కదా?"

ఆవిడకి అర్థమైంది.

"సార్, నేను మీరన్నదే చెప్పాను."

"నేనేమన్నాను?"

"చూద్దాం అన్నారు."

"చూద్దాం అంటే ఏమిటమ్మా, మీ ఇంట్లో?"

ఆవిడకి ఇంటి నడవలో బీరువా గుర్తొచ్చింది.

"నువ్వే చెప్పు. నీకు తెలియని మాట కాదు."

"కుదరదని" అంది చివరికి.

"మరి నువ్వు వాళ్ళకేం చెప్పావు?"

గోడ దగ్గర నిలబడ్డ కార్యదర్శి నేల చూపులు చూస్తున్నాడు. నేనన్నది చెప్పు అని మంత్రిగారు దులిపినరోజు అతనూ అక్కడే ఉన్నాడు, అతనికీ అన్నీ తెలుసు. ఆవిడకి ఒళ్ళు మండిపోయింది. భయం మీద వచ్చే కోపానికి వెనకాముందూ ఉండదు.

"అన్నది చెప్పు, అనుకున్నది నీకెందుకన్నారు సార్ మీరు. ఈయన ముందే అన్నారు. అయినా మీకా భాష వచ్చు. ఆయన మీ చెయ్యి పట్టుకుని ఊపుతున్నప్పుడే ఒక్క మాట అనుంటే ఇంతదాకా వచ్చేది కాదు కదండీ! ఎందుకనలేదు?"

మంత్రిగారికి కోపం రాలేదు. వచ్చుంటే ఆవిడకి కొంచెం ధైర్యంగా ఉండేది.

"ఆ వారం ఓటింగుందమ్మా" అన్నారు మామూలుగా. "వాడి నవ్వు కావలసొచ్చింది. ఓడ నిజంగా వచ్చే లోపల ఏదో ఒకటి చూసుకోవచ్చనుకున్నా. చిన్నవాడు ఇంత రేగుతాడనుకోలేదు. తప్పు నాదే, ఈ గదిలో ఒప్పుకుంటా. గది దాటితే ఆ తప్పు నేను మొయ్యకూడదు. నేను మోస్తే దేశం మోసినట్టు. మంత్రి మోసం చేశాడంటే వాళ్ళు యుద్ధానికొస్తారు. దుబాసి పొరబడిందంటే తిట్టుకుని ఊరుకుంటారు."

అప్పుడే బల్ల మీద ఫోన్ మోగింది. కార్యదర్శి ఎత్తి, విని, రిసీవరు చేత్తో మూసి చెప్పాడు. "రేవునుంచి సార్. పోటు మొదలైంది. ఓడ లంగరు ఎత్తుతోందట. పైలట్ బోటు దాని దగ్గరికి చేరింది. ఎక్కమంటారా వద్దా అని అడుగుతున్నారు."

దుబాసమ్మ లేచి నిలబడింది. కళ్ళముందు తాళ్ళ నిచ్చెన కదిలింది. దాని చివర మందు రాసుకున్న మోకాలు, మాడిన చొక్కా కనిపించాయి.

"నేను చెప్తే ఆయన ఎక్కక్కర్లేదా?"

మంత్రిగారికి ఆ పైలట్ ఎవరో అప్పటిదాకా తెలిసినట్టు లేదు. కార్యదర్శి వంగి చెవిలో చెప్పాడు. ఆయన ఒక్క క్షణం కళ్ళు మూసుకున్నారు. "అక్కర్లేదమ్మా" అన్నారు.

"ముందాయన్ని వెనక్కి పిలవండి. పిలిచాక చెప్తాను."

"నువ్వు చెప్పాక పిలుస్తాం. రాయబారి పక్కగదిలోనే ఉన్నాడు."

ఎంతైనా ఆయన చూద్దాంగారు. బేరం ఎక్కడ బిగించాలో ఆయనకి చెప్పాలా?

అదే గది, అదే బల్ల, అదే బకెట్. రాయబారి నిలబడే ఉన్నాడు. దుబాసమ్మ ఇన్నేళ్ళలో ఆ గదిలో ఒక్కసారి కూడా తన మాట మాట్లాడలేదు, ఎప్పుడూ ఇంకొకరి మాటే. ఈ రోజు మొదటిసారి నేను అని మొదలుపెట్టింది. అది కూడా తన మాట కాదు.

"నేను తప్పు చెప్పాను" అంది అతని భాషలో. "ఆ రోజు మా మంత్రిగారు కుదరదనే అన్నారు. నాకు మీ భాష పూర్తిగా రాకపోవడం వల్ల మీరు వేరేగా అర్థం చేసుకునేలా చెప్పాను. ఇందులో మా ప్రభుత్వం తప్పేమీ లేదు. మీకూ మీ దేశానికీ క్షమాపణ చెప్పుకుంటున్నాను."

మీ భాష పూర్తిగా రాదు అన్న మాట ఎంత శుద్ధంగా, ఎంత చక్కగా పలికిందంటే రాయబారి తలెత్తి ఆవిడ కళ్ళలోకి చూశాడు. అతనికి తెలిసిపోయింది. అతని మొహంలో ముందు కనిపించింది కోపం కాదు, గండం గడిచిందన్న ఊరట. పాపం, అతనికీ ఈ రోజు యుద్ధం అక్కర్లేదు కాబోలు. వాళ్ళకీ వెనక్కి తిరగడానికి ఒక సాకు కావాలి, అది ఈ ఆడమనిషి రూపంలో ఎదురుగా నిలబడింది. ఆ తర్వాతే అతను బల్ల మీద గుద్ది, ఇంత బాధ్యత లేని మనుషుల్ని ఎలా పెట్టుకున్నారని అరిచాడు. ఆ అరుపులు కూడా మంత్రిగారికి ఆవిడే చెప్పాల్సి వచ్చింది. ఇంకో దుబాసి లేడు మరి. నన్ను కఠినంగా శిక్షించాలని ఆయన కోరుతున్నారండీ అని చెప్పింది. ఒక్క మాట కూడా తప్పు పోలేదు.

"తప్పకుండా" అన్నారు మంత్రిగారు. ఆవిడ అదీ చెప్పింది.

కార్యదర్శి రేవుకి ఫోన్ చేశాడు. అప్పటికి భర్త నిచ్చెన మీద సగం ఎక్కి ఉన్నాడట. చిన్నల్లుడి ఓడల మీద ఫిరంగులు ఇటు తిరిగి ఉన్నాయట. వెనక్కి దిగమన్న కేక వినిపించినా అతను దిగలేదట, చేతులు నిచ్చెనకి బిగుసుకుపోతే బోటువాళ్ళు నడుం పట్టుకుని దింపారట. కాసేపటికి బూడిదరంగు ఓడ మెల్లిగా ముక్కు తిప్పుకుని సముద్రంలోకి పోయింది.

ఆ తర్వాత కెమెరాల ముందు ఇంకోసారి చెప్పించారు. గది దాటి బయటికి వచ్చేసరికి నడవలో టీవీలో ఆవిడ మొహమే కనిపిస్తోంది. ఎర్రటి అక్షరాల్లో 'దేశాన్ని యుద్ధం అంచుకి తెచ్చిన దుబాసి' అని వేశారు. ఇది పొరపాటా, కుట్రా, ఆవిడకి ఎవరు డబ్బిచ్చారు అని ఒకాయన ఊగిపోతున్నాడు. వచ్చేటప్పుడు ఆవిణ్ణి చూసి లేచి నిలబడ్డ లిఫ్టు మనిషి ఇప్పుడు వేరే వైపు చూస్తున్నాడు.

మంత్రిగారు వెనకనుంచి వచ్చారు. ఎప్పుడు గీసుకున్నారో, గడ్డం నున్నగా ఉంది. "మహాతల్లివమ్మా" అన్నారు మెల్లగా. "ఈ మేలు మర్చిపోను."

ఆవిడకి మేలూ తల్లీ ఏమీ అక్కర్లేదు. అడగాల్సింది ఒక్కటే ఉంది. "సార్, కుట్ర కేసు పెడతారంటున్నారు. నన్ను పట్టుకెళ్తారా? మీరు అడ్డుకుంటారు కదా?"

ఆయన నవ్వారు. అదే నవ్వు. ఆవిడ భుజం మీద చెయ్యి వేసి, రెండుసార్లు తట్టి, జవాబు చెప్పి, కెమెరాల వైపు వెళ్ళిపోయారు.

ఆఫీసు కారు ఇవ్వలేదు. బస్సులో ఎవరైనా గుర్తుపడతారేమోనని కొంగు మొహానికి కప్పుకుని ఇంటికి చేరింది. భర్త అప్పటికే వచ్చి ఉన్నాడు. అరచేతులు తాడు ఒరుసుకుని ఎర్రగా ఉన్నాయి. ఆవిణ్ణి చూడగానే లేచి వచ్చి గట్టిగా పట్టుకున్నాడు, తల్లి ఎదురుగా ఉందని కూడా చూడలేదు. బతికున్నాడు. ఆవిడ తను మాడ్చిన ఆ చొక్కాకే మొహం ఆనించి ఏడ్చింది. జరిగిందంతా అక్కడే, గుమ్మంలోనే చెప్పేసింది. చూద్దాం నుంచి నిచ్చెన దాకా ఏదీ దాచలేదు. నాలుక తెగిపోనూ అన్న అత్తగారు గోడకి ఆనుకుని వింటోంది.

"అంటే నా కోసమా?" అన్నాడు భర్త.

"మరింకెవరి కోసం?" అంది.

అతను ఆవిడ కొంగుతోనే ఆవిడ కళ్ళు తుడిచాడు. తర్వాత, "ఏం భయంలేదు. ఇంత సాయం చేశాక మంత్రిగారు నిన్ను వదిలేస్తారా ఏమిటి? అంత పెద్దమనిషి" అన్నాడు. తనకి తనే ధైర్యం చెప్పుకుంటున్నాడని గొంతులో తెలుస్తోంది.

"అడిగావా ఆయన్ని?" అంది అత్తగారు. "కేసు సంగతి అడిగావా? ఏమన్నాడు?"

"అడిగానత్తయ్యా" అంది దుబాసమ్మ. "చూద్దాం అన్నారు."

భర్త ఇంకా ఆవిడ మొహంలోకి చూస్తూనే ఉన్నాడు. అత్తగారు మాత్రం ఇంకేమీ అడగలేదు. వెళ్ళి వీధి తలుపు గడియ పెట్టింది. నడవలోకి వచ్చి బీరువా తెరిచి, పైఅరలోంచి సంచీ దించి, కోడలి బట్టలు ఒక్కొక్కటీ మడతపెట్టి అందులో సర్దడం మొదలుపెట్టింది.

"స్వెటర్ కూడా పెడుతున్నానే అమ్మాయ్" అంది వెనక్కి తిరక్కుండానే. "వాళ్ళు తీసుకెళ్ళే చోట చలిగా ఉంటుందో ఏమో."